రెండు పక్కల పడవ

“ఒరేయ్ రోశిగా, ఆ రంపం ఖాళీ అయితే ఇటిమ్మని మీ తమ్ముడికి చెప్పరా.”

చెంచురామయ్య ఈ మాట అన్నది పడవకు కుడి పక్కన నిలబడి. ఆ తమ్ముడు బుల్లయ్య ఎడమ పక్కన నిలబడి ఉన్నాడు. పడవకు అడుగు మాత్రం వేశారు, రెండు వైపులా పక్కటెముకలు నిలబెట్టారు, పలకలింకా ఎక్కలేదు. అంటే అన్నదమ్ములిద్దరి మధ్యా ఉన్నది ఉత్త గాలి. అన్న తుమ్మితే తమ్ముడి మొహాన పడేంత దూరం. అయినా సరే, ఆ మాట రోశయ్య నోట్లోంచి వస్తేనే గాని బుల్లయ్య చెవికి ఎక్కదు.

నడిపివాడు రోశయ్య పడవ అడుగున చతికిలబడి పలకల సందుల్లో పత్తి కూరుతున్నాడు. చేతుల నిండా చేపనూనె, గుగ్గిలం. తలెత్తకుండానే అన్నాడు.

“తమ్ముడూ, అన్న రంపం అడుగుతున్నాడు.”

“ఖాళీ కాలేదని చెప్పు నడిపన్నా.”

“అన్నా, ఖాళీ కాలేదంట.”

“ఎప్పుడవుద్దో కనుక్కో.”

“తమ్ముడూ...”

“అయినప్పుడే అవుద్దని చెప్పు.”

రోశయ్య ఆ మాటా చెప్పాడు. చెప్పి, సందులోకి పత్తిని కూరాల్సిన దానికంటే గట్టిగా కూరాడు. ఆంధ్ర రాష్ట్రం వచ్చిన ఏటి నుంచీ ఇదే వరస. ఇప్పుడు అరవై రెండు. రాష్ట్రం పెద్దదై ఆంధ్రప్రదేశ్ అయింది, కర్నూల్లో ఉన్న రాజధాని హైదరాబాదుకు పోయింది, నిజాంపట్నం పడవల కార్ఖానాలో అన్నదమ్ములు మాత్రం నోరు తెరవలేదు. తెరిచినా రోశయ్య వైపుకే తెరిచారు.

ఆ కార్ఖానా పెట్టింది వాళ్ళ తాత బాపయ్య. మోటుపల్లి వైపు నుంచి కొయ్య చెక్కే బాడిస ఒకటి భుజాన వేసుకుని వచ్చి, ఏటి ఒడ్డున తాటాకు పందిరి వేశాడట. గుంటూరు సీమ పత్తీ మిరపకాయలూ పొగాకూ కాలవ మీద చెన్నపట్నం పోయే రోజులు. పడవ కట్టేవాడికి అన్నం తినే తీరిక ఉండేది కాదు. బాపయ్యకు ఒక తమ్ముడు. ఇద్దరూ ఒకే పలక మీద చెయ్యి వేస్తే పొద్దు కుంకేలోపు కొట్టుకునేవాళ్ళు. అందుకని ముసలాయన ఒక పద్ధతి పెట్టాడు. పెద్దవాడిది కుడి పక్క, చిన్నవాడిది ఎడమ పక్క. ఎవడి పక్క వాడు కట్టుకోవాలి, రెండోవాడి పక్క మీద చెయ్యి వెయ్యకూడదు. మరి రెండు పక్కలూ ఒక్క పడవ కావాలి కదా, దానికి కేక ఉంది. ఒక్కో పక్కటెముక నిలబెట్టేటప్పుడు కుడి పక్కవాడు కొలత కేకేస్తాడు: “మూడు మూరల జానెడూ!” ఎడమ పక్కవాడు అదే కొలత తిరిగి కేకేస్తాడు. అప్పుడుగాని ఇద్దరూ మేకు మీద సుత్తి వెయ్యరు. బాపయ్య చేతి పడవ ఏదీ నీళ్ళ మీద ఇటు వంగి అటు వంగి చూడలేదని నిజాంపట్నంలో ఇప్పటికీ చెప్పుకుంటారు. చెప్పుకోవడానికేం, ఖర్చా.

వాళ్ళ నాయనకు ముగ్గురు కొడుకులు పుట్టారు. అక్కడొచ్చింది చిక్కు. పడవకు మూడో పక్క లేదు. మూడో తరగతిలో ఉన్న రోశయ్యను బడి మాన్పించి తీసుకొచ్చి, కుడి లేదు, ఎడమ లేదు, అడుగున కూర్చోబెట్టి చేతికి పత్తీ గుగ్గిలం ఇచ్చాడు నాయన. “సందులు పూడ్చరా. నువ్వు లేకపోతే పడవ తేలదు” అన్నాడు. నిజమే. కాకపోతే పడవ తేలినప్పుడు పేరు పక్కలు కట్టినవాళ్ళకు వచ్చేది, కారినప్పుడు మాట రోశయ్యకు వచ్చేది.

అన్నదమ్ముల మధ్య మాటలు పోయింది పొలం తగువుల మీద కాదు, ఆడవాళ్ళ మీద కాదు. కొబ్బరికాయ మీద. పడవను నీళ్ళలోకి తోసేటప్పుడు ముక్కు దగ్గర కాయ కొట్టేది కుడి పక్కవాడు. ఆ రోజున చెంచురామయ్య కాయ చేతిలోకి తీసుకుని ఊపి చూశాడు. లోపల నీళ్ళ చప్పుడు లేదు. “ఎండుకాయ కొట్టి నా చేతులతో పడవ దింపుతానా?” అని మంచికాయ కోసం ఇంటికి వెళ్ళాడు. దోవలో ఎవడో పలకరించాడు, ఈయన నిలబడ్డాడు. ఇక్కడ పోటు తగ్గుతోంది. కాసేపాగితే పడవ బురదలో దిగబడి మళ్ళీ పున్నమి దాకా కదలదు. పడవ తాలూకు ఆసామి లబోదిబోమంటున్నాడు. బుల్లయ్య ఆ ఎండుకాయే పుచ్చుకుని ఫెడీమని కొట్టి, పడవ తోయించేశాడు. చెంచురామయ్య మంచికాయ పట్టుకుని వచ్చేసరికి పడవ ఏటి నడుమ ఉంది. కాయ చేత్తో పట్టుకుని అట్లాగే నిలబడ్డాడు. చివరికి పక్కనున్న రోశయ్యతో అన్నాడు: “ఇంక వాడికీ నాకూ మాటల్లేవని చెప్పు.”

రోశయ్య వెళ్ళి చెప్పాడు. ఆనాడే చెప్పనని ఉంటే పోయేది. చెప్పాడు కాబట్టి, చెబుతూనే ఉన్నాడు.

ఆ తర్వాత కార్ఖానా దానంతటది కరగడం మొదలుపెట్టింది. లారీలొచ్చాయి. కాలవలు పూడిపోయి ఏడాదిలో సగం రోజులు పడవలు నడవవు. పనివాళ్ళు ఒక్కొక్కరే పొగాకు ఆరబెట్టే బ్యారన్లకు, చీరాల మగ్గాల కొట్లకు పోయారు. ముగ్గురు అన్నదమ్ములు మిగిలారు. పాత పడవలకు మరమ్మతులు తప్ప కొత్త పని రాలేదు. అట్లాంటి రోజుల్లో గుంటూరు నుంచి గౌస్ బాషా వచ్చాడు.

మిరపకాయల వ్యాపారం ఆయనది. పెద్ద మనిషి, పెద్ద నోరు. పందిట్లో నిలబడి ముగ్గురినీ ఎగాదిగా చూశాడు.

“లారీవాళ్ళతో నా ప్రాణం పోతోందయ్యా. బయల్దేరినప్పుడు ఉన్న బస్తాలు దిగినప్పుడు ఉండవు. వానొస్తే పట్టా ఉండదు. మా నాయన మీ తాత పడవల్లోనే వ్యాపారం చేశాడు. ఒక్క పడవ కట్టండి. సరుకు తడవకూడదు, పడవ నిలకడగా ఉండాలి. బాగుంటే వచ్చే ఏటికి ఇంకో రెండు కట్టిస్తా. బాగా లేదా, మళ్ళీ ఈ ఇసకలో కాలు పెట్టను. లారీలే నాకు గతి అనుకుంటా.”

“సాయిబుగారికి చెప్పరా, మా తాత పేరు నిలబెడతామని” అన్నాడు చెంచురామయ్య.

“సాయిబుగారు ఎదురుగానే ఉన్నారు కదన్నా” అన్నాడు రోశయ్య. అన్నకు అలవాటు అంతగా ముదిరిపోయింది.

ఆ పూట రోశయ్య అన్నం ముందు కూర్చుని లెక్క వేసుకున్నాడు. ఈ పడవ కుదిరితే ఇంకో రెండు. ఆ రెండూ కుదిరితే కార్ఖానా ఇంకొన్నాళ్ళు బతుకుతుంది. కుదరకపోతే? అన్నకు కొబ్బరితోట ఉంది, తమ్ముడికి మామగారి చెరువు కింద పొలం ఉంది. తనకు సందుల్లో పత్తి కూరడం వచ్చు. అది తప్ప లోకంలో ఏ పనీ రాదు. నలభై దాటాక బ్యారన్‌లో ఆకు మోస్తూ, పొగకు దగ్గుతూ చావాలి.

అట్లా మొదలైంది ఈ పడవ పని. గండం మొదటి పక్కటెముక దగ్గరే వచ్చింది. చెంచురామయ్య చేతిలో తాత నాటి మూరకర్ర. ఎన్నేళ్ళ నుంచో పలకల మీద కొట్టి కొట్టి రెండు కొసలూ అరిగిపోయి ఉంది. బుల్లయ్య కొత్తగా గుంటూరు వెళ్ళి ఇనపటేపు కొనుక్కొచ్చాడు. లాగితే వస్తుంది, వదిలితే పాములా లోపలికి పోతుంది. దాన్ని లాగి వదిలి మురిసిపోవడమే వాడికి సగం పని.

“మూడు మూరల జానెడని చెప్పు.”

“తమ్ముడూ, మూడు మూరల జానెడు.”

బుల్లయ్య మూరకు పద్ధెనిమిది అంగుళాల లెక్కన టేపు పెట్టాడు. అరిగిన కర్ర మూర వేరు, టేపు మూర వేరు. ఎడమ ఎముక ఎత్తుగా లేచింది.

“ఏరా, నువ్వు వాడికి ఏం చెప్పావు?” అన్నాడు పెద్దాయన.

“నువ్వన్నదే చెప్పా.”

“నేనన్నది చెబితే అంత ఎత్తు ఎట్టా వస్తుందిరా? దోవలో కలుపుతున్నావు నువ్వు.”

“తమ్ముడూ, నీ టేపూ అన్న కర్రా ఒకటి కాదు. ఒకసారి రెండూ పక్కపక్కన పెట్టి చూద్దాం.”

“అబద్ధమాడేది కర్ర. టేపు ప్రభుత్వంది. ప్రభుత్వంతో పెట్టుకోమాకని చెప్పు.”

“మా తాత కర్రను అబద్ధమంటాడా? అడుగు వాడిని!”

రోశయ్య అటు తిరిగాడు, ఇటు తిరిగాడు. రెండో ఎముకకు ఇదే, మూడోదానికి ఇదే. పొద్దంతా అటూ ఇటూ తిరిగి మెడ పట్టేసింది. ఇద్దరూ తప్పు ఒకరి మీద ఒకరు వేసుకోవడం కూడా మానేశారు. మధ్యనున్నవాడి మీద వెయ్యడం ఇద్దరికీ వాలుగా ఉంది.

ఒక మధ్యాహ్నం చెంచురామయ్య, “నువ్వు మొదట్నుంచీ చిన్నోడి పక్షమేరా, నాకు తెలుసు” అన్నాడు. ఆ మాట ఇంకా గాలిలో ఉండగానే అవతల నుంచి బుల్లయ్య, “నడిపన్నా, నువ్వు పెద్దాయన తొత్తువి, మాట మార్చి మోస్తున్నావు” అన్నాడు.

రోశయ్య గుగ్గిలం మూకుడు నేలకేసి కొట్టాడు.

“ఇంక మొయ్యను! వింటున్నారా ఇద్దరూ? ఒక్క మాట మొయ్యను. ఇన్నేళ్ళూ గాడిదలాగా మోశా. ఆ నోళ్ళు దేనికున్నాయి మీకు, తమలపాకులు నమలడానికా? మీ పక్కలు మీరు కట్టుకోండి, నా సందులు నేను పూడ్చుకుంటా. నన్ను పిలిచారో, ఈ ఉలి ఎవడికి దిగుద్దో నాకే తెలీదు!”

ఇంటికి వెళ్ళి భార్య వెంకటేశ్వరమ్మకు చెబితే, ఆమె చేటలో బియ్యం చెరుగుతూ, “ఇన్నాళ్ళకు బుద్ధొచ్చిందయ్యా నీకు. కాకపోతే పడవ చేతిలో ఉన్నప్పుడే రావాలా?” అంది.

ఆ మాట రోశయ్యకు ముల్లులా దిగింది. నిజమే, తప్పు సమయంలో నోరు మూశాడు. కాని తెరిస్తే మళ్ళీ అదే గాడిద బతుకు.

పలకలు ఎక్కాయి. పక్కలు మనిషెత్తు లేచాయి. ఇప్పుడు అన్నకు తమ్ముడు కనపడడు, తమ్ముడికి అన్న కనపడడు. రెండు వైపుల నుంచీ సుత్తి చప్పుళ్ళే. కేక లేదు, బదులు లేదు. రోశయ్య అడుగున కూర్చుని తల పైకెత్తితే ఎడమ అంచు కుడి అంచు కంటే నాలుగు వేళ్ళ ఎత్తున ఆకాశంలోకి పోతోంది. నాలిక దురద పెట్టింది. పళ్ళు బిగబట్టాడు.

చివరికి ఒక ఉపాయం తోచింది. మాట మొయ్యనన్నాడు గాని, చూపించనని అనలేదు కదా. రెండు అంచుల మీదా అడ్డంగా ఒక బద్ద పెట్టాడు. దానికి సరిగ్గా మధ్యలో దారం కట్టి, చేపల వల సీసపు గుండు వేలాడదీశాడు. అడుగు దూలం మీద నడిమికి ఉలితో గీత గీశాడు. బద్ద కుడికి వాలి ఉంది. గుండు గీత మీద నిలవకుండా పక్కకు పోయింది. పసిపిల్లాడికైనా అర్థమవుతుంది. కట్టి, దూరంగా పోయి చుట్ట వెలిగించాడు.

చెంచురామయ్య నిచ్చెనెక్కి చూశాడు. చూసి, దిగి, రోశయ్య వైపు ఒక చూపు చూశాడు. ఆ చూపులో ‘చూశావా వాడి పక్క’ అని ఉంది. ఆయన భోజనానికి వెళ్ళాక బుల్లయ్య ఎక్కి చూశాడు. వాడి చూపులో ‘చూశావా ఆయన పక్క’ అని ఉంది. ఒక్కడూ నోరు విప్పలేదు.

‘మీ మొహాలు తగలెయ్య’ అనుకున్నాడు రోశయ్య. మర్నాడే పత్తి వంక పెట్టి గుంటూరు బయల్దేరాడు. గౌస్ బాషాకు తెలిసినవాళ్ళ పత్తి మిల్లు ఉంది, అక్కడ మంచి పత్తి ఇప్పిస్తానన్నాడు. రెండు పూటల్లో తిరిగి రావాలనుకున్నవాడు వారం ఉండిపోయాడు. గుంటూరులో ఎవరూ ఎవరికీ ఏమీ చెప్పమనలేదు. మిరపకాయల ఘాటుకు కళ్ళ నీళ్ళొస్తున్నా ఆయనకు హాయిగా ఉంది. వెళ్ళబోయే ముందే సందులన్నీ పూడ్చేశాడు, మిగిలింది పై పూత. అది బుల్లయ్య కొడుకులైనా వేస్తారు.

పున్నమి రోజున గౌస్ బాషాతో, పడవ నడపడానికి ఆయన పెట్టుకున్న సరంగు బుడాన్‌తో కలిసి తిరిగొచ్చాడు. వాళ్ళొచ్చేసరికే పోటు పొంగి ఉంది. పడవను ముక్కు దాకా దొర్లుడు దుంగల మీదికి ఎక్కించి, రెండు వైపులా కర్రలు ఊతం పెట్టి ఉంచారు. ఒళ్ళంతా గుగ్గిలం పూతతో నల్లగా నిగనిగలాడుతోంది. చెంచురామయ్య తలపాగా చుట్టుకుని కాయ పట్టుకుని నిలబడి ఉన్నాడు. ఈసారి ముందే ఊపి చూసుకున్నాడు. రోశయ్య ముక్కు దగ్గరికి వెళ్ళి అంచులు చూద్దామనుకునేలోపే కాయ పగిలింది, జనం హైలెస్సా అన్నారు, ఊతాలు పడిపోయాయి. పడవ జర్రున జారి నీళ్ళలో దిగింది.

దిగింది, ఒక్క ఊపు ఊగింది, మెల్లగా కుడి వైపుకు ఒరిగింది. ఒరిగి అట్లాగే ఉండిపోయింది, చెవిలో నీళ్ళు పోయినవాడు తల వంచుకున్నట్టు.

ఒడ్డు మీద కేకలు ఆగిపోయాయి.

రోశయ్య నీళ్ళ అంచుకు పరుగెత్తి చూశాడు. తను వెళ్ళేటప్పుడు ఎత్తుగా ఉన్నది ఎడమ పక్క. ఇప్పుడు కుడి పక్క ఎత్తుగా, బరువుగా ఉంది. ఎత్తు ఎట్లా తారుమారైంది?

చెంచురామయ్య మోకాలి లోతు నీళ్ళలోకి దిగి, రెండు అంచులూ చూసి, ఒక్కసారిగా అరిచాడు.

“ఒరేయ్ బుల్లిగా! నువ్వు పై పలక కోశావా?”

“కోశా! నువ్వేం చేశావు, పలక పెంచావా?”

“పెంచానురా! నీ పక్క ఎత్తయిందని, పోనీలే చిన్నోడు, వాడెట్టాగూ తగ్గడు, నేనే సర్దుకుందామని మద్దిపలక తెచ్చి వేశా!”

“నేనూ అందుకే కోశా! పెద్దాయన, ఆయన మాట మనమే నిలబెడదామని నా టేపును కూడా పక్కన పెట్టి కోసేశా!”

“కోసేటప్పుడు చెప్పి ఏడవొచ్చుగా!”

“పెంచేటప్పుడు నువ్వు చెప్పావా?”

తొమ్మిదేళ్ళ తర్వాత అన్నదమ్ములు మాట్లాడుకున్నది అదీ. ఒడ్డు మీద ఆడవాళ్ళు కొంగులు నోటికి అడ్డం పెట్టుకున్నారు. నవ్వుతున్నారో ఏడుస్తున్నారో రోశయ్య చూడలేదు. ఎందుకంటే ఆపాటికి ఇద్దరూ కలిసి ఆయన వైపుకు తిరిగారు.

“నీ వల్లేరా ఇదంతా!” అన్నాడు చెంచురామయ్య.

“అవును నడిపన్నా, నువ్వు చెప్పకపోతే మాకెట్టా తెలుస్తుంది? గుంటూరులో కూర్చున్నావా పడవ ఇక్కడ పెట్టుకుని!”

“బాగా అడిగావురా చిన్నోడా.”

“కాదా మరి అన్నా?”

రోశయ్య ఇద్దరి మొహాలూ మార్చి మార్చి చూశాడు.

గౌస్ బాషా చెప్పులు విడిచి, పంచె ఎగగట్టి, నీళ్ళ అంచుకు వచ్చి పడవను చూశాడు. కోపం కంటే విసుగు ఎక్కువగా ఉంది ఆయన గొంతులో.

“ఇట్టాంటి అన్నదమ్ములను నేను ఎక్కడా చూడలేదయ్యా. సరే. కొయ్య మంచిది, చుక్క నీరు కారడం లేదు. ఒక్క మాటడుగుతా. ఇంకో రెండు పడవల మాట నేను పూర్తిగా కొట్టెయ్యను. కాకపోతే రెండు పక్కలూ ఒక్కడి చేతి మీద లేవాలి. ఆ ఒక్కడూ రోశయ్య కావాలి. మీరిద్దరూ వాడి కింద పని చెయ్యండి. ఒప్పుకుంటారా?”

రోశయ్య ఒక అడుగు ముందుకు వేశాడు. రెండు పక్కలూ తనవే. నాయన ఇవ్వని పక్క, తాత లెక్కలో లేని పక్క. అన్న వైపు చూశాడు. అన్న తమ్ముడి వైపు చూశాడు. ఇద్దరూ ఒకేసారి, ముందుగా అనుకున్నట్టు అన్నారు.

“వాడికా? వాడికి పక్క కట్టడం రాదండీ.”

“మా వంశంలో నడిపివాడు పక్క మీద చెయ్యి వెయ్యడు సాయిబుగారూ” అన్నాడు చెంచురామయ్య.

“అన్న చెప్పింది నిజం” అన్నాడు బుల్లయ్య.

గౌస్ బాషా రోశయ్యను అడిగాడు. “నువ్వేమంటావయ్యా?”

“వాళ్ళన్నది నిజమే సాయిబుగారూ. నాకు రాదు. వచ్చేటట్టు ఎవడు చేశాడు గనక? ఈ పడవలో ఇటు పక్క ఎత్తు, అటు పక్క పల్లం అని నా కంటికి తెలుస్తుంది. ఎట్టా కట్టాలో నా చేతికి తెలీదు. వీళ్ళు దగ్గరుండి నేర్పితే నేర్చుకుంటా.”

“నేర్పండయ్యా” అన్నాడు గౌస్ బాషా.

చెంచురామయ్య తలపాగా విప్పి దులుపుకున్నాడు. బుల్లయ్య ఏటి వైపు చూశాడు. అంతే, జవాబు వచ్చేసింది.

“అయితే ఇంకేం లేదు. లారీలే నాకు” అన్నాడు గౌస్ బాషా. “బుడాన్, ఇది నడుస్తుందా?”

బుడాన్ పడవ ఎక్కి అటూ ఇటూ నడిచి చూశాడు. “నడుస్తుందయ్యా. ఎడమ పక్కకు బస్తాలు ఎక్కువ వేసుకోవాలి. వచ్చేటప్పుడు ఖాళీ కాబట్టి రాళ్ళు వేసుకోవాలి. అటు జరిపి ఇటు జరిపి చూసుకునే మనిషి ఒకడుండాలి. నేను చుక్కాని వదలడానికి లేదు.”

“రోశిగాడొస్తాడండీ” అన్నాడు చెంచురామయ్య వెంటనే.

“అవునండీ, నడిపన్నకు ఖాళీయే” అన్నాడు బుల్లయ్య.

రోశయ్యకు అప్పుడు ఒళ్ళు మండింది. అంతకు ముందు మండింది మంట కాదు.

“మీరు పంపితే పోయేవాణ్ణి కాదురా నేను” అన్నాడు. అన్నతో ‘రా’ కలిపి మాట్లాడడం పుట్టి బుద్ధెరిగాక అదే మొదలు. “నా అంతట నేనే పోతున్నా. సాయిబుగారూ, కూలి ఎంతిస్తారో మీ ఇష్టం. ఈ రేవులో ఇంక పడవ లేవదు. లేచినా దాని సందులు పూడ్చేవాణ్ణి నేను కాదు.”

వెంకటేశ్వరమ్మ జనంలోంచి ముందుకొచ్చింది. గుంటూరు నుంచి తెచ్చుకున్న గుడ్డసంచి ఇంకా ఆయన భుజాన ఉంది. అందులోకి తన కొంగు ముడిలోని తమలపాకులు, వక్కలు వేసి, “చలికి ఏం కప్పుకుంటావు? ఆగు, దుప్పటి తెస్తా” అని పరుగెత్తింది. ఆమె తిరిగొచ్చేదాకా పోటు ఆగింది.

రోశయ్య దుప్పటి భుజాన వేసుకుని పడవ ఎక్కి, తిన్నగా ఎడమ అంచు మీదికి పోయి కూర్చున్నాడు. పడవ కొంచెం సర్దుకుంది, పూర్తిగా కాదు. బుడాన్ గడకర్ర వేశాడు. ఒడ్డు మీద అన్నదమ్ములిద్దరూ భుజం భుజం రాసుకుంటూ నిలబడి చేతులు ఊపుతూ ఏదో అరుస్తున్నారు. ఇంకొంచెం వెనక్కి జరగమని ఒకడు, ముందుకు జరగమని ఒకడు అయి ఉంటుంది. మాటలు అందలేదు. బుడాన్ వెనక్కి తిరిగి, “ఏందో చెబుతున్నారు మీవాళ్ళు, వినరాదా?” అన్నాడు.

“నువ్వు పోనియ్యవయ్యా” అన్నాడు రోశయ్య.